కథలోని లోకానికి సొంత పంచాంగం కట్టడం ఎలా

నా మొదటి ఫాంటసీ కథలో ఒక రౌతు పున్నమి రాత్రి కోట దాటి బయలుదేరతాడు. పన్నెండు రోజులు గుర్రం మీద ప్రయాణం. పన్నెండో రాత్రి అడవిలో దిగేసరికి మళ్లీ నిండు వెన్నెల. రాసేటప్పుడు నాకేమీ తేడా కనిపించలేదు. అనంతపురంలో టీ అంగడి దగ్గర నా స్నేహితుడు ఆ కాగితాలు చదివి, "మీ లోకంలో చందమామకు అంత తొందరేందప్పా?" అన్నాడు. అంతటితో ఆగలేదు. ఆ కథలో రాజు "శనివారం రండి" అంటాడు. ఆ లోకంలో శని గ్రహమే లేదు. దూత "గంటలో వస్తా" అంటాడు. అక్కడ గడియారమూ లేదు, గంట కొట్టేవాడూ లేడు.

అప్పటి నుంచి మూడు పంచాంగాలు కట్టాను. రెండు చించేశాను, మూడోది నిలబడింది. ఎలా కట్టానో వరుసగా చెబుతాను. కథలు రాసేవాళ్లకే కాదు, స్నేహితులతో కూర్చుని ఊహాలోకపు ఆటలు ఆడేవాళ్లకూ పనికొస్తుంది.

మొదటి పని: మీ ఊళ్లో ఎన్ని క్యాలెండర్లున్నాయో లెక్కపెట్టండి

అందరూ మొదలుపెట్టేది ఒక్కచోటే. ఏడాదికి ఎన్ని నెలలు, నెలకు ఎన్ని రోజులు అని. నేనూ అంతే. పది నెలలు, నెలకు ముప్పై ఆరు రోజులు, పేర్లన్నీ మహా గంభీరం. ఎక్సెల్‌లో చూడ్డానికి ముచ్చటగా ఉండేది కానీ కథలో ఒక్కరి నోటా పలికేది కాదు. ఆ తేదీ ఎవరికి దేనికి కావాలో నేను ఆలోచించలేదు మరి.

కాబట్టి కాసేపు పెన్ను పక్కన పెట్టి మన చుట్టూ చూడండి. అనంతపురం జిల్లాలో ఏ పల్లె అయినా సరే. పెళ్లికి పంచాంగం చూస్తారు. విత్తనం వేయడానికి కార్తె చూస్తారు. పొలం రికార్డు అడంగల్‌లో ఫసలీ, అంటే రెవెన్యూ లెక్క సంవత్సరం, రాసి ఉంటుంది. అది జులై 1న మొదలవుతుంది, ఫసలీ అంకెకు 590 కలిపితే అది మొదలైన ఇంగ్లీషు సంవత్సరం వస్తుంది. 2025 జులైలో మొదలైంది ఫసలీ 1435. జీతాలకూ పిల్లల పరీక్షలకూ ఇంగ్లీషు తేదీ. పీర్ల పండక్కి నెలవంక. ఊరు ఒకటే, లెక్కలు ఐదు, ఎవరికీ తికమక లేదు.

ఇందులో రెండింటిని పక్కపక్కన పెట్టి చూడండి, మీకు సగం పని అక్కడే తెలిసిపోతుంది. నార్పల మండలం గూగూడులో కుళ్ళాయిస్వామి పీర్ల పండగకు హిందువులూ ముస్లింలూ కలిసి వస్తారు. ఆ పండగ నడిచేది అచ్చంగా చంద్రుడి లెక్కలో. పన్నెండు చంద్రమాసాలంటే 354 రోజులు, సూర్యుడి ఏడాదికి పదకొండు రోజులు తక్కువ. అందుకే ఏటా పదీ పదకొండు రోజులు ముందుకు జరుగుతుంది. 2015లో మొహర్రం పదో రోజు అక్టోబరు ఆఖర్లో, శెనక్కాయ పీకే రోజుల్లో పడింది. 2025లో జులై మొదటి వారంలో, ఇంకా విత్తనాలు వేస్తుండగా వచ్చింది. అన్ని రుతువులూ తిరిగి మొదటికి రావడానికి దాదాపు 33 ఏళ్లు పడుతుంది.

ఉగాదిదీ చంద్రుడి లెక్కే, కానీ అది వేసవి మొదట్లోనే ఉంటుంది, వానాకాలంలోకి జారిపోదు. రెండున్నర, మూడేళ్లకోసారి ఒక నెలను అదనంగా వేసి ఆ పదకొండు రోజుల అప్పు తీర్చేస్తాం. 2023లో అధిక శ్రావణం వచ్చింది, 2026లో అధిక జ్యేష్ఠం. ఆ నెలలో ముహూర్తాలు పెట్టరు కాబట్టి కల్యాణ మండపాల వాళ్లు తాళం వేసుకుని తిరుపతి పోవచ్చు.

ఇప్పుడు ఒక కాగితం మీద మీ లోకంలోని నలుగురిని రాయండి. పూజారి, రైతు, పన్ను వసూలు చేసేవాడు, దొంగ. ఒక్కొక్కరికి ఏ రోజు ముఖ్యమో వాళ్ల పేరు ఎదురుగా రాయండి. దొంగను మరిచిపోవద్దు. అమావాస్య ఎప్పుడో పూజారి తర్వాత అంత కచ్చితంగా తెలిసినవాడు అతనే.

రెండో పని: జనం దేనికోసం ఎదురుచూస్తారు

ఏడాది ఎక్కడ మొదలవ్వాలన్నది దీన్నిబట్టి తేలుతుంది. మంచు కరగడం, చెర్రీపూలు పూయడం లాంటివి మనం చూడలేదు, వాటి గురించి రాస్తే అరువు తెచ్చుకున్న చొక్కాలా ఉంటుంది. మన దగ్గర ఎదురుచూపులకు కొదవ లేదు కదా. తొలకరి పడగానే తుగ్గలి, జొన్నగిరి, వజ్రకరూరు వైపు పొలాల్లో జనం తలలు వంచుకుని వజ్రాలు వెతుకుతారు. జ్యేష్ఠ పున్నమికి ఏరువాక. ఏడాదిలో ఎక్కువ నెలలు ఇసకే కనిపించే పెన్నలో నీళ్లొచ్చాయంటే అదో వార్త.

నేను తీసుకున్నది సంగమేశ్వరం గుడిని. పాత కర్నూలు జిల్లాలో, శ్రీశైలం జలాశయం వెనక నీళ్లలో ఆ గుడి చాలా నెలలు మునిగి ఉంటుంది. ఎండలు ముదిరి నీటిమట్టం తగ్గాక ముందు శిఖరం, తర్వాత గోడలు, చివరికి గర్భగుడి బయటపడతాయి. వానలకు డ్యామ్ నిండితే మళ్లీ లోపలికి. నా లోకం పేరు రాగిసీమ. అక్కడా ఒక మునిగే గుడి ఉంది. దాని శిఖరం నీళ్లలోంచి కనిపించిన రోజే ఏడాదికి మొదటి రోజు.

రుతువులను సమానంగా కోయకండి. మనకు ఎండాకాలం ఎంత పొడుగో, చలికాలం ఎంత పొట్టిదో చెప్పనక్కర్లేదు. రాగిసీమలో నాలుగు కాలాలు. శిఖరం బయటపడే "తేలుడు" 96 రోజులు. నేల నెర్రెలిచ్చే "పగులు" 140 రోజులు. వానలొచ్చి గుడి మునిగే "మునక" 70 రోజులు. నీళ్లు తేరుకునే "తేట" 90 రోజులు. మొత్తం 396.

ఇక్కడే నాకు కథ దొరికింది. శిఖరం ఒక్కో ఏడు ముందు, ఒక్కో ఏడు ఆలస్యంగా కనిపిస్తుంది. పూజారి పడవలో వెళ్లి చూసి వస్తేగాని కొత్త ఏడు రాదు. పన్ను అధికారికి అది గిట్టదు. అతనికి ఫసలీ లాంటి కదలని తేదీ కావాలి. కరువు ఏడు నీళ్లు తొందరగా ఇంకిపోతాయి, శిఖరం తొందరగా తేలుతుంది, కొత్త ఏడు పన్ను ముందే మీద పడుతుంది. అలాంటి ఏడు పూజారి శిఖరం చూసి కూడా చూడనట్టు పడవ వెనక్కి తిప్పాడంటే, అతను ఎవరి పక్షమో నేను వేరే చెప్పక్కర్లేదు.

మూడో పని: ఆకాశం లెక్క

మూడు అంకెలు ఎంచుకోండి. ఏడాదికి రోజులు, చంద్రుడి చుట్టుకు రోజులు, కావాలంటే రెండో చంద్రుడి చుట్టుకు రోజులు. మొదటిదాన్ని రెండోదానితో భాగించండి. శేషం సున్నా వస్తే అంకె మార్చండి. ఆ శేషమే పంచాంగానికి ప్రాణం. మనకు శేషం లేకపోతే అధికమాసమూ లేదు, సిద్ధాంతుల మధ్య వాదాలూ లేవు, పండగ ఈ రోజా రేపా అనే టెన్షనూ లేదు.

రాగిసీమలో పెద్దమామ 32 రోజులకు తిరిగి నిండుతాడు, చిన్నమామ 9 రోజులకు. పన్నెండు పెద్దమామ నెలలు 384 రోజులు. ఏడాది 396. మిగిలింది 12.

ఈ పన్నెండు రోజులను ఏం చేయాలో మీ లోకంలోని జనాన్నే అడగండి. మూడు దారులున్నాయి. పట్టించుకోకుండా వదిలేస్తే పండగలు రుతువులన్నీ తిరుగుతాయి. ప్రతి ఏడూ చివర పన్నెండు రోజులను ఏ నెలకూ చెందకుండా విడిగా ఉంచొచ్చు. ఆ రోజుల్లో అప్పు అడగకూడదని, పుట్టినవాళ్లకు జాతకం ఉండదని నియమాలు పెట్టుకుంటే బాగా పండుతుంది. లేదా పోగు చేసి అదనపు నెలగా వేయొచ్చు. ఎనిమిదేళ్లకు 96 రోజులు పోగవుతాయి, అంటే సరిగ్గా మూడు నెలలు. అలా ఎనిమిదేళ్లలో 99 నెలలు. నేను దీన్నే తీసుకున్నాను, అలవాటైన దారి కాబట్టి.

రెండు చంద్రులున్నవాళ్లు ఇంకో లెక్క వేయాలి. ఇద్దరూ ఒకే రాత్రి నిండేది ఎప్పుడు? 32, 9 రెంటితోనూ తెగే చిన్న అంకె 288. అంటే 288 రోజులకోసారి జంట పున్నమి. ఎనిమిదేళ్లంటే 3168 రోజులు. దాన్ని 288తో భాగిస్తే సరిగ్గా 11. ఎనిమిదేళ్లకు పదకొండు జంట పున్నములు, ఆ తర్వాత ఆకాశం మొత్తం మొదటికి వస్తుంది. ఇది నేను కావాలని పెట్టింది కాదు, కాగితం మీద దానంతటదే తేలింది. ఆ రాత్రి ఇంట్లో అందరినీ లేపి చెప్పాలనిపించింది.

ఒక చిన్న జాగ్రత్త. ఏడాది పొడవు మార్చితే వయసులు మారతాయి. రాగిసీమలో ఇరవై ఏళ్లవాడికి మన లెక్కలో దాదాపు ఇరవై ఒకటిన్నర దాటుతుంది. 396 అయితే పరవాలేదు. ఏడాదికి 700 రోజులు పెట్టి "పదహారేళ్ల పడుచు" అని రాస్తే ఆమెకు మన లెక్కలో ముప్పై దాటి ఉంటుంది.

నాలుగో పని: వారాలు, పేర్లు

మన వారాల పేర్లు గ్రహాలవి. నెలల పేర్లు నక్షత్రాలవి. పున్నమి చంద్రుడు చిత్త దగ్గరుంటే చైత్రం, కృత్తిక దగ్గరుంటే కార్తీకం. మీ ఆకాశంలో ఆ చుక్కలు లేకపోతే ఆ పేర్లు పెట్టడానికి వీల్లేదు. సంస్కృతం లాంటి శబ్దాలు కూర్చి కొత్తవి చేయకండి. నా మొదటి పంచాంగంలో అలాంటివి పది ఉండేవి, ఇప్పుడు ఒక్కటీ గుర్తు లేదు. చుక్కలకు మన పల్లెలు పెట్టిన పేర్లు చూడండి, వేగుచుక్క, పిల్లలకోడి. ఒకసారి వింటే మరిచిపోరు.

రాగిసీమలో వారానికి తొమ్మిది రోజులు, చిన్నమామ ఒక చుట్టు. తొమ్మిది ఊళ్లలో తొమ్మిది రోజులు సంత. ఏ ఊళ్లో సంత ఉంటే ఆ రోజుకు ఆ ఊరి పేరు. "దొనకొండ సంత నాడు వస్తా" అంటే ఎప్పుడు వస్తాడో, ఎక్కడ దొరుకుతాడో రెండూ తెలుస్తాయి. ఒక ఊరు కరువుకు ఖాళీ అయిపోయింది, సంత లేదు, కానీ ఆ రోజు పేరు మాత్రం మిగిలింది. పిల్లలు ఆ ఊరెక్కడని అడిగితే పెద్దవాళ్లు మాట మారుస్తారు.

పేర్లయ్యాక సామెతలు రాయండి. ఇది సరదా కోసం అనుకోకండి. మన కార్తెలు ఇరవై ఏడు, ఒక్కొక్కటి పదమూడు, పద్నాలుగు రోజులు. వాటిలో సగం పేర్లు నేటి పిల్లలకు తెలియవు. రోహిణి మాత్రం అందరికీ తెలుసు, రోహిణి కార్తెలో రోళ్లు పగులుతాయి అన్న మాట వల్ల. నేను రాసుకున్నది "పగులులో అప్పు, మునకలో ముప్పు". కథలో ఒక ముసలమ్మ ఒక్కసారి అంటుంది, పాఠకుడికి రెండు కాలాలు గుర్తుండిపోతాయి.

ఐదో పని: పొద్దు

రోజు ఎప్పుడు మొదలవుతుందో ముందు తేల్చుకోండి. పంచాంగానికి సూర్యోదయంతో, ఇంగ్లీషు తేదీకి అర్ధరాత్రితో, నెలవంక లెక్కకు సూర్యాస్తమయంతో. కర్నూలు జిల్లా దేవరగట్టులో దసరా రాత్రి బన్ని ఉత్సవం అర్ధరాత్రి దాటినా నడుస్తుంది. ఫోనులో తేదీ మారిపోతుంది, జనానికి అది ఇంకా దసరా రాత్రే.

ఇక గంటలు. ఇరవై నాలుగు గంటలను తీసేసి ఇరవై పెట్టడం వల్ల ఒరిగేదేమీ లేదు. మన పాత లెక్కే ఒకసారి చూడండి. రోజుకు ఎనిమిది జాములు, అరవై గడియలు. గడియ అంటే 24 నిమిషాలు. అడుగున సన్న బెజ్జం ఉన్న రాగి గిన్నెను నీళ్లలో వదిలితే అది నిండి మునగడానికి పట్టే సమయం గడియ. నేను ఇంట్లో చేసి చూశాను. ప్లాస్టిక్ డబ్బాతో కాదు, అది నిండినా తేలుతూనే ఉంది. స్టీలు గిన్నెకు మేకుతో బెజ్జం కొడితే నాలుగు నిమిషాలకే బుడుంగుమంది. ఇంకో గిన్నెకు సూదితో కొట్టాను, పదిహేడు నిమిషాలు వచ్చింది. అక్కడితో ఇంట్లో గిన్నెలు ఇవ్వడం మానేశారు. కానీ ఆ పదిహేడు నిమిషాలు దాని ముందు కూర్చోవడం వల్ల కోటలో రాత్రంతా గిన్నె కాపలా కాసేవాడి మనసు తెలిసింది. కునుకు పడితే రాజ్యానికే ఒక గడియ పోతుంది.

ఇంకో ప్రయోగం, ఇది తప్పకుండా చేయండి. మేడ మీద నిటారుగా ఒక కర్ర నిలబెట్టి, ఉదయం నుంచి నీడ చివర సుద్దముక్కతో గుర్తులు పెట్టండి. నీడ అన్నిటికన్నా పొట్టిగా ఉన్నప్పుడు ఆ ఊరికి అసలు మిట్టమధ్యాహ్నం. అనంతపురంలో అది గడియారం పన్నెండు చూపినప్పుడు రాదు, ఏడాది సగటున ఇంచుమించు ఇరవై నిమిషాలు ఆలస్యంగా వస్తుంది. దేశానికంతా ఒకే టైము, దాని రేఖ కాకినాడ దగ్గరగా పోతుంది, మనం దానికి పడమర ఉన్నాం. అంటే ఊరి పొద్దు వేరు, రాజధాని టైము వేరు. మీ లోకంలో రాజధాని పెత్తనం చూపించాలంటే ఇంతకన్నా మంచి సాధనం లేదు. ఏప్రిల్ ఆఖర్లో ఒకసారి, ఆగస్టు రెండో వారంలో ఒకసారి సూర్యుడు సరిగ్గా నడినెత్తిన ఉండి కర్రకు నీడే పడదు. రాగిసీమలో ఆ రెండు రోజులూ "నీడ లేని నాడు". ఆ రోజు తీర్పులు చెప్పరు.

మాటల్లో మాత్రం జాములు, గడియలు కూడా తక్కువగా వాడండి. మామూలు మనుషులు కోడి కూసేటప్పుడు లేస్తారు, బారెడు పొద్దెక్కాక బయలుదేరతారు, దీపాలు పెట్టే వేళకు ఇల్లు చేరతారు.

ఆరో పని: ఏళ్లను లెక్కపెట్టడం

కడప జిల్లా కలమళ్లలో దొరికిన శాసనంలో సంవత్సరం అంకె లేదు. ధనంజయుడు రేనాడు ఏలుతుండగా అని ఉంది, అంతే. పండితులు అది సుమారు 575 నాటిదని అంటారు. మీ లోకంలోనూ రాజు పేరుతోనే ఏడు చెప్పొచ్చు. ఇద్దరు రాజులు ఒకేసారి మేమే రాజులమంటే కరణం పత్రంలో ఎవరి పేరు రాయాలన్న చిక్కు ఊరికే దొరుకుతుంది.

ఏళ్లకు పేర్లు పెట్టే పద్ధతి ఇంకా బలమైనది. 1876లో మొదలైన పెద్ద కరువును రాయలసీమ ఇప్పటికీ ధాత కరువు అనే అంటుంది, ఆ తెలుగు సంవత్సరం పేరు ధాత కాబట్టి. ఆ పేరు అరవై ఏళ్లకోసారి తిరిగి వస్తుంది. 1936లో వచ్చింది, 1996లో వచ్చింది. పాత పెట్టెలో "ధాత నామ సంవత్సరంలో బాకీ" అని ఒక కాగితం దొరికితే ఏ ధాత? ముత్తాత అప్పా, తాత అప్పా? రాగిసీమలో ఎనిమిది పేర్లే తిరుగుతాయి కాబట్టి ఈ తంటా ఇంకా ఎక్కువ. ఆస్తి తగాదా రాయాలనుకుంటే ఇది చాలు.

మా జేజి నా పుట్టినరోజును ఎప్పుడూ తేదీతో చెప్పలేదు. "శెనక్కాయ పీకేటప్పుడురా, బాయిలో మోటారు కాలిపోయిన ఏడు" అనేది. మీ పాత్రల్లో ఒకరైనా అలా మాట్లాడాలి.

ఏడో పని: ఒక తప్పు పెట్టండి

రాగిసీమలో ఏడాది నిజానికి 396 రోజులు కాదు, ఐదేళ్లకు ఒక రోజు చొప్పున తక్కువ. ఆ విషయం పంచాంగం కట్టిన మొదటివాళ్లకు తెలియదు. వందేళ్లకు 20 రోజులు జారింది. ఇప్పుడు నడుస్తున్న కథలో విత్తనాల పండగ నాటికి వానలు పాతబడిపోయి ఉంటున్నాయి, అయినా పూజారులు లెక్క సరిగానే ఉందంటారు. అసలు లోకంలోనూ ఇలాగే జరిగింది. 1582లో రోము పోపు అక్టోబరు 4 తర్వాత నేరుగా 15 అని ప్రకటించాల్సి వచ్చింది. పది రోజులు మాయం. ఇంగ్లండు 1752 దాకా ఒప్పుకోలేదు, అప్పటికి అది పదకొండు రోజులైంది.

ఎనిమిదో పని: గోడకు పట్టిక

కడపలో పనిచేసిన బ్రౌన్ దొర నిఘంటువు ఒక్కటే చేశాడనుకుంటాం. ఇంగ్లీషు తేదీలు, మన తిథులు, ముస్లిం తేదీలు పక్కపక్కన చూపించే పట్టికలు కూడా తయారు చేశాడు. దొరల కచేరీలకు అవి లేకపోతే దస్తావేజు తేదీ అర్థమయ్యేది కాదు. మీరూ అలాంటిది ఒకటి చేసుకోండి. కథ మొదటి రోజుకు 1 అని అంకె ఇచ్చి, ప్రతి అధ్యాయానికి ఎన్నో రోజో రాయండి. ఆ అంకెను 32తో భాగిస్తే శేషం పెద్దమామ వయసు, 9తో భాగిస్తే చిన్నమామ వయసు. మొదటి రోజు ఇద్దరూ అమావాస్యలో ఉన్నారనుకుంటే, శేషం 16 దగ్గర ఉన్నప్పుడే పెద్దమామ నిండు వెన్నెల రాయండి, మరే రోజూ వద్దు. కాలం పేరు, సంత పేరు, ప్రయాణంలో ఎన్ని రోజులు పోయాయో పక్క గడుల్లో వేయండి.

ఈ పట్టిక మీ గోడకే, పుస్తకం మొదట్లో అచ్చువేయకండి. పాఠకుడు కథ కోసం వచ్చాడు, మూడు పేజీల నెలల జాబితా చూస్తే పుస్తకం మూసేస్తాడు.

అన్నీ అయ్యాక ఒక పరీక్ష. మీ లోకంలో ఇద్దరు అపరిచితులు ఒక చోట కలుసుకోవడానికి మాట అనుకునే సన్నివేశం అర పేజీ రాయండి. ఒకరు పల్లె నుంచి, ఒకరు రాజధాని నుంచి. నేను రాసినదాంట్లో పల్లెటూరివాడు "జంట పున్నమి తర్వాత రెండో సంత, బారెడు పొద్దుకు" అన్నాడు. రాజధానివాడు చిన్న పుస్తకం తీసి ఏదో అంకె వేసుకున్నాడు. ఆ రోజు పల్లెవాడు రావి చెట్టు కింద సాయంత్రం దాకా కూర్చున్నాడు. రాజధానివాడు మర్నాడు వచ్చాడు, చేతిలో పుస్తకం తెరిచే ఉంది.